బట్ నంబరు 217

మా స్టోరులో దాన్ని ఎవరూ తుపాకీ అనరు,
త్రీనాట్‌త్రీ అంటారు, ఇంటిపేరు పెట్టి పిలిచినట్టు.
నా వంతుకొచ్చింది రెండువందల పదిహేడు.
పిడి చివర ఇత్తడి రేకు, రేకుకో చిన్న మూత,
మూత కింద నూనె సీసా, గొట్టం తుడిచే తాడు.
మెడ మీద కిరీటం, కిరీటం కింద ఇషాపూర్,
పంతొమ్మిదివందల నలభై మూడు.
రాజు పోయి ఇన్నేళ్ళయినా గుర్తు అరగలేదు.
తుడిచి తుడిచి నా బొటనవేలే అరిగింది.

ఆర్మరర్ తవిటినాయుడు గారు మొదటిరోజే చెప్పేరు:
"సూడు హైమా, దీనికి శత్రువులు ఇద్దరే.
ఒకటి ఉప్పుగాలి, రెండోది బద్ధకం.
మిగతావోళ్ళంతా తర్వాత."
నిజమే. రాత్రి తుడిచి నిలబెడితే
తెల్లారేసరికి బోల్టు మీద
ఎవరో చిటికెడు పసుపు చల్లిపోయినట్టు తుప్పు.

గొట్టం లోపల ఐదు గాళ్ళు, అన్నీ ఎడమకే తిరుగుతాయి.
ఒక్కో గుండుకీ ఒక్కసారి బోల్టు లాగాలి, తొయ్యాలి.
తోసినప్పుడే లోపలి స్ప్రింగు బిగుస్తుంది,
ఆ బిగువు అరచేతికి తెలుస్తుంది.
పది తూటాలు పేర్చేటప్పుడు
పైదాని అంచు కిందిదాని అంచుకి ముందుండాలి.
లేదంటే ఇరుక్కుంటాయి,
పూర్ణా మార్కెట్టు మలుపులో రెండు ఆటోల్లాగ.
గురి పలక మీద రెండువేల గజాల దాకా అంకెలు.
ఈ ఊళ్ళో ఏ సందులో
రెండువేల గజాల దూరం కనిపిస్తుంది?
మావాళ్ళు నిలబడ్డ చోట్ల
మనిషికీ మనిషికీ మధ్య
ముప్ఫై అడుగులుంటే ఎక్కువ.

హుద్‌హుద్ వచ్చిన రాత్రి స్టోరు రేకులు ఎగిరిపోయేయి.
నూట అరవై తుపాకులు మోకాలి లోతు నీళ్ళలో.
కరెంటు లేదు, పొడిగుడ్డ లేదు.
కూలిన చెట్ల కొమ్మలు నరికి పొయ్యి పెట్టేం.
ఒకటే డేగిసా:
పగలు ఉప్మా, రాత్రి గొట్టాల్లోకి మరిగే నీళ్ళు.
మూడోరోజు ఉప్మా అవిసెనూనె వాసనొస్తే
ఎవరూ ఏమీ అనలేదు.

ఇప్పుడు కొత్తవి వచ్చేయి, తేలిక, నల్లటివి.
పాతవి కోసి కరిగించమని ఆర్డరు.
ఒక్కోదాని పేజీ మూసేముందు
మొదటినుంచీ లెక్క సరిచూడాలి.
చెదలు తిన్న రిజిస్టర్లో రెండువందల పదిహేడు:
అరవై ఆరు, నవంబరు ఒకటి.
ఇచ్చిన తూటాలు పది. తిరిగొచ్చినవి ఏడు.
ఖాళీ తొడుగులు రెండు.
కారణం అన్న గడిలో ఒకటే మాట: బందోబస్తు.

మూడో తొడుగేదీ?

రిటైరైనా ఆ రోజు చూడ్డానికొచ్చేరు నాయుడు గారు.
పేజీ చూపించేను. కళ్ళజోడు తీసి మళ్ళీ పెట్టుకున్నారు.
"ఉక్కు ఫ్యాక్టరీ కోసం ఊరంతా రోడ్డెక్కిన రోజమ్మా.
నాకు పదకొండేళ్ళు. నిక్కరేసుకుని అరుత్తన్నాను,
దేనికో తెల్దు, అందరూ అరుత్తన్నారని.
టపటపమంది. జనం పరిగెత్తేరు.
కాలికింద ఇత్తడిదేదో దొరికితే జేబులో ఏసుకున్నాను.
తొడ కాలింది. మాయమ్మ సూసి
నూతిలో పారేసింది, నన్ను సావగొట్టింది."
కాసేపాగి,
"అది దీనిదే అని నానన్లేదు."

మరి ముప్ఫై ఎనిమిదేళ్ళు
వీటికే స్ప్రింగులు మార్చేరు కదా?
నేనడగలేదు.
ఆయన బోల్టు ఒకసారి లాగి, తోసి,
చెవి దగ్గర పెట్టుకుని విన్నారు,
పంటి నొప్పి పిల్లాడి దవడ పట్టుకున్నట్టు
మెల్లిగా కింద పెట్టేరు.

ఉక్కు కావాలన్నవాళ్ళ మీదికి
తెచ్చిన ఉక్కు ఇది.
రేపు కొలిమిలో పడి, ఏ మేడకి చువ్వవుతుందో,
ఏ డ్రైనేజీ మూతవుతుందో.

సాయంత్రం అలవాటుగా
గుడ్డకి నాలుగు చుక్కలు నూనె వేసి
గొట్టం పొడుగునా తుడిచేను.
"రేపు కోసేదానికి నూనెందుకు మేడమ్?"
కొత్త కుర్రాడు నవ్వేడు.

సముద్రం వైపు కిటికీ
తెరిచే ఉంది.